పాట వెయ్యని క్యాసెట్టు

మార్కాపురంలో ఒకప్పుడు పెళ్లి వీడియోలు తీసే స్టూడియో సందుకొకటి ఉండేది. ఇప్పుడు డ్రోన్లు ఎగరేసేవాళ్లకు కొదవ లేదు గానీ, పాత క్యాసెట్టు పట్టుకుపోతే దాన్ని నడిపించి పెన్‌డ్రైవులోకి ఎక్కించి ఇచ్చేది నాగవేణి ఒక్కతే. దుకాణం చిన్నది. బోర్డు మీద ఇప్పటికీ వాళ్ల నాయన పేరే ఉంది, ‘ఆదిశేషు వీడియోస్’ అని. ఊళ్లో వీడియో కెమెరాను మొదట భుజానికెత్తిన నలుగురైదుగురిలో ఆయనొకడు. ఆయన పోయి ఐదేళ్లు కావస్తున్నది.

నాగవేణి చిన్నప్పుడు బడి నుంచి వస్తూనే పుస్తకాల సంచీ మూలకు విసిరేసి, నాయన పక్కన కూర్చుని, దృశ్యాలు కలిపి పాటలు వేసే మిక్సింగు పని నేర్చుకుంది. పెళ్లయి ఇద్దరు పిల్లలు పుట్టాక కూడా ఆ కుర్చీ వదల్లేదు. ఆమెకొక అలవాటుంది. పెళ్లి క్యాసెట్టు తిరుగుతుంటే ఆమె కళ్లు పెళ్లికూతురి మీద నిలవవు. పందిరి బయట ఆగిన ఎర్రబస్సు, గోడకంటిన వాల్‌పోస్టరు, వంటల దగ్గర పొగకు కళ్లు నులుముకుంటున్న ఆడమనిషి, వీటి మీదికే పోతాయి. ఎవరి పెళ్లిదో తెలియని క్యాసెట్టు చూపించినా, పక్కన కనబడే దుకాణాన్ని బట్టి అది ఏ బజారో, ఏ కాలమో చెప్పేస్తుంది. అదొక విద్య అని ఆమె ఎన్నడూ అనుకోలేదు, రమ్యశ్రీ వచ్చేదాకా.

రమ్యశ్రీది గిద్దలూరు. హైదరాబాదులో డాక్యుమెంటరీలు తీసేవాళ్ల దగ్గర పనిచేసి, ఇప్పుడు సొంతంగా ఒక సినిమా మొదలుపెట్టింది. విషయం మార్కాపురం పలకలు. దేశంలో ఎక్కడెక్కడి పిల్లలో ఈ ఊరి రాతి పలకల మీద అక్షరాలు దిద్దారు గదా, ఆ పలకల్ని చేసిన చేతుల కథ చెప్పాలని ఆమె కోరిక. రాతి గనుల దగ్గర ఇప్పటి దృశ్యాలు తీసుకుంది. ముసలివాళ్లతో మాట్లాడించింది. పాత ఫోటోలు బోలెడు సంపాదించింది. కానీ ఫ్యాక్టరీలు కళకళలాడిన రోజుల్లో తీసిన కదిలే బొమ్మ ఒక్కటీ దొరకలేదు. టీవీ వాళ్ల దగ్గరికి, ఆఫీసుల చుట్టూ తిరిగితే, ఎవరో పెద్దమనిషి రిబ్బను కత్తిరిస్తున్న ముక్క మాత్రం ఇచ్చారు. అందులో దండలే తప్ప పలకలు లేవు.

ఎవరో చెబితే ఆమె ఈ దుకాణానికి వచ్చింది. పెళ్లి క్యాసెట్ల మధ్య పలకల ఫ్యాక్టరీ ఏముంటుందని అనుమానపడుతూనే అడిగింది.

“ఫోటోలో చెయ్యి ఆగిపోయి ఉంటదక్కా. నాకు ఆ చెయ్యి కదలాల. అంతే నాకు గావాల్సింది.”

నాగవేణి ఆలోచనలో పడింది. ఫ్యాక్టరీని వీడియో తీయమని ఆ రోజుల్లో ఎవరు పిలుస్తారు? ఎవరూ పిలవరు. కానీ ఫ్యాక్టరీ యజమానుల ఇళ్లలో పెళ్లిళ్లు జరిగినాయి. ఆ ఇళ్లవాళ్లకు తమ ఫ్యాక్టరీ చుట్టాలందరికీ కనబడాలనే సరదా ఉండదా? ఆ ఆలోచన వచ్చిందో లేదో ఆమె చూపు అటక మీదికి పోయింది. వెతుకుతానని మాటిచ్చి రమ్యశ్రీని పంపించింది. ఆ మధ్యాహ్నమే అటక మీది అట్టపెట్టెలు దించింది.

ఆదిశేషు ప్రతి పెళ్లిదీ ఒక కాపీ దుకాణంలో దాచుకునేవాడు. పెట్టె మీద వధూవరుల పేర్లుంటాయి. ఏ పేరు ఏ పలకల వ్యాపారి ఇంటిదో పోల్చుకుని నాగవేణి పక్కకు తీసింది. భర్త మహేంద్ర ట్రాన్స్‌పోర్టు ఆఫీసులో గుమస్తా. మధ్యాహ్నం భోజనానికి వచ్చి, దుకాణమంతా క్యాసెట్లతో నిండి కాలు పెట్టే చోటు లేకపోతే, టిఫినుబాక్సు గడప మీద పెట్టి తనూ అక్కడే కూర్చుని తిన్నాడు.

ఒక క్యాసెట్టులో ఫ్యాక్టరీ గేటు కనబడి మాయమయింది. ఇంకోదాంట్లో రేకుల కప్పు, దాని మీద కోతి. ఒకదాంట్లో పలకల లారీ ముందు పెళ్లికొడుకు నల్లకళ్లద్దాలతో నిలబడ్డాడు. చూసి చూసి కళ్లు మండాయి గానీ, ఇంకొక్కటి చూద్దాం, ఇంకొక్కటి అనుకుంటూ నడిపిస్తూనే ఉంది. చివరికి ఉమామహేశ్వర్లు, సావిత్రి అనే జంట క్యాసెట్టు పెట్టింది. తొంభైల మొదట్లో జరిగిన పెళ్లి అది. మామగారు కొత్త కోడలితో ఇంటి గడప కంటే ముందు ఫ్యాక్టరీ గడప మీద కుడికాలు పెట్టించాలని పట్టుబట్టినట్టున్నాడు. బ్యాండుమేళంతో ఊరేగింపు ఫ్యాక్టరీలోకి వచ్చింది. పేర్చిన పలకల ముందు జంటను నిలబెట్టారు. ఆ తర్వాత కెమెరా మెల్లగా జంటను వదిలి షెడ్డులోకి తిరిగింది.

వరసగా కూర్చున్న ఆడవాళ్లు. నీళ్లు చల్లి పలకల్ని రుద్దుతున్న చేతులు. చెక్క చట్రాన్ని బిగించి, అరచేత్తో ఒక్క దెబ్బ వేసి పక్కకు జరుపుతున్న చేతులు. ముందు వరసలోని మనిషి తలెత్తి సూటిగా కెమెరా వైపు చూసింది. ఆమె పెదవులు కదిలాయి. పక్కనున్నవాళ్ల పెదవులూ కదిలాయి.

నాగవేణి కుర్చీలోంచి లేచి నిలబడింది. రమ్యశ్రీకి ఫోను చేసి, దొరికిందమ్మా అని ఒక్క మాట చెప్పింది.

మర్నాడే రమ్యశ్రీ వచ్చేసింది. బొమ్మ చూస్తూ చేతుల మీది రోమాలు నిక్కబొడుచుకున్నాయని చూపించింది. కానీ ఆ సంతోషంలో ఒక చిక్కు ఉంది. ఆ కాలపు మిక్సింగు పద్ధతి ప్రకారం దృశ్యం మీద అసలు శబ్దం తీసేసి సినిమా పాట వేశారు. అదీ చాలక, జంట తలకాయల్ని ఒక గుండె బొమ్మలో ఇరికించి తెర మీద గిరగిరా తిప్పారు. ఆ గుండె సరిగ్గా ఆడవాళ్ల ముఖాల మీదుగా దొర్లుకుంటూ పోతున్నది. ఆ గుండెను బడికి పోయే వయసులో తానే ఎంతో ముచ్చటపడి పెట్టి ఉంటానని నాగవేణి చెబితే ఇద్దరూ నవ్వుకున్నారు.

ఆడవాళ్లు ఏదో పని పాట పాడుతున్నారని రమ్యశ్రీకి నమ్మకం కలిగింది. ఆ పాట వినబడితే సినిమాకు ప్రాణం వచ్చినట్టేనంది. అది వినాలంటే మిక్సింగుకు ముందు కెమెరాలో తిరిగిన అసలు క్యాసెట్టు కావాలి. అది ఉండదని నాగవేణికి తెలుసు. మిక్సింగు అయిపోగానే దాన్ని చెరిపి తర్వాతి పెళ్లికి వాడుకునేవాళ్లు. సావిత్రి పెళ్లి మీద ఇంకెవరి పెళ్లో పడి ఉంటుంది.

ఉన్నదాంతోనే సర్దుకుందామనుకున్నారు. అయినా ఒకరింటి పెళ్లి దృశ్యాన్ని సినిమాలో పెట్టాలంటే వాళ్ల అనుమతి ఉండాలి. ఫ్యాక్టరీ ఏనాడో మూతపడింది. ఉమామహేశ్వర్లు దంపతులు ఇప్పుడు గిద్దలూరులో హార్డ్‌వేర్ షాపు నడుపుతున్నారు. నాగవేణి, రమ్యశ్రీ బస్సెక్కి అక్కడికి పోయారు.

సంగతి విని ఉమామహేశ్వర్లు మొదట వెనకాడాడు. తన పెళ్లినాటి బ్యాగీ ప్యాంటు చూసి ఊరంతా నవ్వుతుందని అతని దిగులు. సావిత్రి మాత్రం గల్లాపెట్టె దగ్గర కూర్చుని అంతా శ్రద్ధగా విని, తాపీగా అడిగింది.

“ఏ క్యాసెట్టు గావాలమ్మా? పాటలుండేదా, పాటలు లేనిదా?”

నాగవేణి గబుక్కున గల్లాపెట్టె దగ్గరికి జరిగింది. సావిత్రే విడమరిచి చెప్పింది. అప్పగింతలప్పుడు వాళ్ల నానమ్మ ఆమెను పొదివి పట్టుకుని ఒక పాట పాడిందట. తీరా క్యాసెట్టు ఇంటికొచ్చి చూస్తే నానమ్మ నోరు కదులుతున్నది, వినబడేది మాత్రం సినిమా పాట. కొత్త పెళ్లికూతురని కూడా చూసుకోకుండా సావిత్రి ఆదిశేషుతో పోట్లాడింది. ఆయన కాసేపు తల గోక్కుని, చెరపకుండా ఇంకా పక్కనున్న అసలు క్యాసెట్టు తెచ్చి చేతిలో పెట్టాడు. ఇంట్లో వీసీఆర్ చెడిపోయాక దాన్ని మళ్లీ వినే వీలు చిక్కలేదు. ఇప్పుడది అటక మీద ఒక ఇత్తడి బిందెలో ఉంది.

ఆ బిందె సంగతి ఉమామహేశ్వర్లుకూ ఆ రోజే తెలిసింది. “ఇన్నేళ్లు నాకు చెప్పలేదేంది?” అన్నాడు.

“నువ్వు అడగలేదు గదా” అంది సావిత్రి. క్యాసెట్టు ఇస్తానంది, ఒక్క షరతు మీద. అది నడిచే రోజు తానూ అక్కడ ఉండాలి. మొదట నానమ్మ పాట, ఆ తర్వాతే సినిమా పని.

బిందెలోంచి తీసిన క్యాసెట్టుకుండే చిన్న ప్లాస్టిక్ కిటికీలోంచి టేపు మీద తెల్లటి బూజు కనబడింది. దుకాణానికి చేరగానే నాగవేణి ఆత్రం ఆపుకోలేక దాన్ని వీసీఆర్ నోట్లో పెట్టబోయింది. రమ్యశ్రీ చటుక్కున చెయ్యి పట్టుకుంది. బూజుతో నడిపితే టేపు, లోపల బొమ్మను చదివే హెడ్డుకు అతుక్కుని చిరుగుతుందనీ, మిషనూ పాడవుతుందనీ చెప్పింది. హైదరాబాదులో పాత సినిమా రీళ్లు బాగుచేసే చోట కొన్నాళ్లు పనిచేసింది గనుక ఆమెకు ఆ పద్ధతి తెలుసు. టేపును బయటికి తీసి, మెత్తటి పొడిగుడ్డ మధ్య నుంచి చేత్తో మెల్లగా చుట్టుతూ తుడవాలి. ముక్కుకు గుడ్డ కట్టుకోవాలి. తొందరపడకూడదు.

నాగవేణికి క్యాసెట్టు మరలు విప్పడం అన్నం కలపడమంత తేలిక. ఒకరు చుట్టుతుంటే ఒకరు తుడిచారు. గుడ్డలు నల్లబడి, మార్చి, మళ్లీ తుడిచారు. టేపు ఒకచోట తెగింది. నాగవేణి రెండు కొసలూ గోటితో సమంగా నొక్కి పట్టి అతికించింది. మర్నాటికి టేపు నిగనిగలాడింది. దాన్ని కొత్త క్యాసెట్టు డొల్లలో కూర్చి, సావిత్రికి కబురు పెట్టారు.

సావిత్రి గుడికి పోయేదానిలా జరీచీర కట్టుకుని వచ్చింది. మహేంద్ర కూడా ఆఫీసుకు చెప్పి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. మీట నొక్కగానే తెర నిండా గీతలు, బుసబుసమనే చప్పుడు. నాగవేణి బొమ్మను సరిచేసే ట్రాకింగు మీట మీద వేలు పెట్టి, అటూ ఇటూ వెంట్రుకవాసి తిప్పుతూ పోయింది. గీతలు కిందికి జారాయి. రంగులు తేరుకున్నాయి. బ్యాండు చప్పుడు ఒక్కసారిగా గుప్పుమంది. ఆ గోల దాటి కాసేపటికి ఒక ముసలి గొంతు సన్నగా, తెగిపోతూ, మళ్లీ అందుకుంటూ పాడసాగింది. సావిత్రి కొంగు నోటికడ్డం పెట్టుకుంది. పాట అయ్యేదాకా కదల్లేదు. అయ్యాక, ఇంకోసారి వెయ్యమని వేలితో సైగ చేసింది.

ఆ తర్వాత ఫ్యాక్టరీ వచ్చింది. గుండె బొమ్మ లేదు. షెడ్డు మొత్తం తెర నిండా పరుచుకుంది. రాతి మీద నీళ్లు చిలకరించే చప్పుడు, రుద్దే చప్పుడు, చట్రం మీద అరచెయ్యి పడే చప్పుడు. రమ్యశ్రీ చెవులు నిక్కించి ముందుకు వంగింది. ముందు వరసలోని మనిషి తలెత్తింది. అది పాట కాదు.

“ఏందన్నా, పెండ్లికూతురు ఆడుంటే కెమెరా ఈడ పెట్టినావు?”

కెమెరా వెనక నుంచి, తెరకు చాలా దగ్గరగా, ఒక మగ గొంతు పలికింది.

“ఆయమ్మను పొద్దున్నుంచి తీస్తనే ఉండా గదమ్మా. మిమ్మల్ని ఎవురు తీస్తారు?”

ఆడవాళ్లంతా గొల్లున నవ్వారు. ఆ మనిషి పలక పక్కన పెట్టి, చేతులు కొంగుకు తుడుచుకుంది. “అట్లయితే పేరు గూడ రాసుకో. రాములమ్మ. తర్లుపాడు రాములమ్మ. ఇది మల్లి. దీనికి సిగ్గెక్కువ.”

“రాసేదెందుకమ్మా, మాట గూడ పడిపోయింది” అంది మగ గొంతు నవ్వుతూ.

నాగవేణి బొమ్మ ఆపింది. ఏమైందో రమ్యశ్రీకి అర్థం కాలేదు. మహేంద్రకు అర్థమయింది. అతను లోపలికి వచ్చి భార్య వెనక నిలబడ్డాడు. ఆదిశేషు తీసిన వందల పెళ్లిళ్లలో ఆయన ముఖం ఎక్కడా లేదు, కెమెరా ఆయన భుజం మీదే ఉండేది గనుక. ఆయన గొంతూ ఎక్కడా లేదు, దాని మీద పాటలు వేసేవాళ్లు గనుక. పోయిన మనిషి మాట మళ్లీ వినే యోగం తనకు లేదని నాగవేణి ఏనాడో మనసు సరిపెట్టుకుంది. ఇప్పుడు అదే గొంతు, చిన్న వయసుది, మనసారా నవ్వుతూ, గదిలో మనిషి పలికినట్టు పలికింది.

“ఆ గొంతు మా నాయనది” అంది రమ్యశ్రీతో. మళ్లీ వినడానికి బొమ్మ వెనక్కి తిప్పింది.

పని పాట దొరకలేదని రమ్యశ్రీకి విచారమేమీ లేదు. పాటను మించింది దొరికిందని ఆమె దుకాణంలో అటూ ఇటూ తిరుగుతూ చెప్పింది. ఇక తర్లుపాడు పోవాలి. ఆ మరుసటి ఉదయమే మహేంద్ర ఆఫీసు జీపు అడిగి తెచ్చాడు.

రాములమ్మ ఇల్లు కనుక్కోవడం కష్టం కాలేదు. పలకల రాములమ్మ అంటే ఊరికంతా తెలుసు. ఇప్పుడామె మేకల్ని పెట్టుకుని బతుకుతున్నది. దొడ్డి దగ్గర వేపమండలు కట్టగడుతున్న మనిషిని పిలిచి, అరుగు మీద కూర్చోబెట్టి, ల్యాప్‌టాప్ తెరిచారు. తనను తాను ఆమె పోల్చుకోలేదు. ఎవురీ వాగుడుకాయ అనుకుంటూ చూసింది. పేరు వినబడినప్పుడు మాత్రం నోరు తెరిచి, పక్కింటివాళ్లను కేకేసింది. అరుగు నిండిపోయింది. మేకలు కట్టు తెంపుకుని మండల మీద పడినా ఎవరూ పట్టించుకోలేదు.

తెర మీది చేతుల్ని చూసి రాములమ్మ చేతులు వాటంతటవే కదిలాయి. ఎక్కడ గట్టిగా రుద్దాలో, ఎక్కడ తేలికగా పోనియ్యాలో చూపించింది. వేళ్ల చివర్లు అరిగి నున్నగా ఉండేవనీ, పండగకు గోరింటాకు పెట్టుకున్నా నాలుగు రోజులు నిలిచేది కాదనీ చెప్పింది. రమ్యశ్రీ కెమెరా తీసి అదంతా పట్టుకుంది. తర్వాత రాములమ్మ నాగవేణి ముఖంలోకి పరీక్షగా చూసింది.

“నువ్వు ఆ కెమెరాయన బిడ్డవా? ముక్కు ఆయనదే. గళ్ల చొక్కా ఏసుకోనొచ్చినాడు. మా కుండలో నీళ్లు అడుక్కోని తాగినాడు. బో మాటకారి.”

నాగవేణి అరుగు మీద ఆమె పక్కకు జరిగి, ఇంకా చెప్పమంది. చొక్కా రంగేమిటి, కెమెరా ఏ భుజాన ఉంది, ఎంతసేపున్నాడు, ఇంకేం మాట్లాడాడు, అన్నీ అడిగింది. రాములమ్మ గుర్తున్నవి గుర్తున్నట్టు చెప్పింది, గుర్తులేనివి లేవనే చెప్పింది.

సినిమాలో పెట్టుకోవడానికి ఒప్పుకుంటూ రాములమ్మ ఒక మాట అడిగింది. మల్లికి చూపించకుండా ఎవరికీ చూపించకూడదు. మల్లి దొనకొండలో కూతురి దగ్గర ఉంది. రమ్యశ్రీ అక్కడికక్కడే కూతురి ఫోనుకు వీడియో కాలు కలిపింది. సిగ్గెక్కువ అనిపించుకున్న ఆ మల్లి, బొమ్మ చూసి, అవతల నుంచి ఊపిరి పీల్చకుండా మాట్లాడింది. ఆ రోజు తాను సిగ్గుపడలేదట. రాములమ్మ మాట్లాడనిస్తే గదా.

హైదరాబాదులో ఎడిటింగు జరిగేటప్పుడు రమ్యశ్రీ నాగవేణిని పిలిపించుకుంది. ఎడిటరు ప్రకాశరావు తల పండిన మనిషి. బొమ్మ చూసి చాలా మెచ్చుకున్నాడు. అయితే కెమెరా పట్టినవాడి గొంతు మామూలుగా ఉంచరమ్మా, ఆడవాళ్ల మాటలు చాలు, మధ్యలోది తీసేద్దాం అన్నాడు. రమ్యశ్రీ నాగవేణి వైపు చూసింది. తన నాయన గనుక ఉంచమని అడిగినట్టవుతుందేమోనని నాగవేణికి మొహమాటం. బొమ్మకు ఏది మంచిదైతే అదే చెయ్యండి సార్ అనేసింది. అని, రెండు చేతులూ ఒళ్లో బిగించుకుని కూర్చుంది.

ప్రకాశరావు ఆ ముక్క కోసి నడిపించాడు. రాములమ్మ అడిగింది, జవాబు లేదు, అందరూ నవ్వారు. ఎందుకు నవ్వారో తెలియడం లేదు. ఆయన ఇంకోసారి నడిపించి చూసి, తలూపి, తీసిన ముక్క తీసిన చోటే పెట్టేశాడు. ఈయన లేకపోతే వీళ్లు గాలితో మాట్లాడుతున్నట్టుందమ్మా అన్నాడు. అంతేకాక, సినిమాను ఆ ప్రశ్నతోనే మొదలుపెడదామన్నాడు. నాగవేణి బయటికి పోయి మహేంద్రకు ఫోను చేసి, అన్నం తిన్నావా అని అడిగింది.

సినిమా పూర్తయ్యాక మొదట మార్కాపురంలోనే చూపించాలని రమ్యశ్రీ పట్టుబట్టింది. ఒక కల్యాణ మండపంలో తెర కట్టారు. ఒకప్పుడు పలకల పని చేసినవాళ్లు ఆటోల్లో, బస్సుల్లో వచ్చారు. సావిత్రి బంధువుల్నందరినీ వెంటబెట్టుకొచ్చింది. ఉమామహేశ్వర్లు బ్యాగీ ప్యాంటు కనబడకుండా కత్తిరించారని రమ్యశ్రీకి రెండుసార్లు దండం పెట్టాడు. రాములమ్మ, మల్లి ముందు వరసలో ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని కూర్చున్నారు.

తెర వెలిగింది. ఏందన్నా అని రాములమ్మ గొంతు హాలంతా మోగింది. వెనక వరసల్లో ఎవరో, అది మా అత్త, ఆ మూలన కూర్చున్నది మా అత్త అన్నారు. ఇంకొకరు ఇంకెవరినో గుర్తుపట్టారు. పేర్లు వరసల మీదుగా పరుగెత్తాయి. ఆ సందడిలో సినిమా ముందుకు పోతుంటే మల్లి లేచి నిలబడి, మా మొకాలు సరిగా చూడకముందే పోయినాయి, మళ్లీ వెయ్యమని అడిగింది. సినిమా మధ్యలో అట్ల వెయ్యరని ఎవరో కూర్చోబెట్టబోయారు. రమ్యశ్రీ ప్రొజెక్టరు దగ్గరికి సైగ చేసింది. మళ్లీ వేశారు. ఈసారి హాలు నిశ్శబ్దంగా చూసింది. ఆదిశేషు మాటకు ఆడవాళ్లు నవ్వినప్పుడు మాత్రం హాలు కూడా వాళ్లతో కలిసి నవ్వింది.

చివర పేర్లు పడేటప్పుడు ‘పాత దృశ్యాల సేకరణ: నాగవేణి’ అని వచ్చింది. ‘ఛాయాగ్రహణం’ కింద రమ్యశ్రీ మనుషుల పేర్లతో పాటు ఆదిశేషు పేరూ ఉంది. ఆ సంగతి నాగవేణికి ముందుగా ఎవరూ చెప్పలేదు.

తర్వాత జనం క్యాసెట్లు పట్టుకుని దుకాణానికి రాసాగారు. పెళ్లివే కాదు, ఓణీల పండగలు, గృహప్రవేశాలు, తిరునాళ్లు. వాటి మధ్యనే ఒక రోజు హైదరాబాదు నుంచి రమ్యశ్రీ స్నేహితుడొకడు ఫోను చేశాడు. దొనకొండ మీదుగా మీటరుగేజి రైలు నడిచిన రోజుల కదిలే బొమ్మ కావాలట, ఎక్కడైనా ఉంటుందా అని అడిగాడు. నాగవేణి ఫోను చెవికీ భుజానికీ మధ్య నొక్కిపట్టి, అప్పుడే అట్టపెట్టెల వైపు నడిచింది. ఆ రైల్లో తరలివచ్చిన పెళ్లివారు ఎవరెవరా అని ఆమె మనసులో ఒక్కో ఇంటినే తలుచుకుంటున్నది.